జలకన్నీయం

ఆ మాట పుట్టింది మేకప్ గదిలో. పుట్టించింది రంగులక్క. ట్యాంకులోకి దిగే ఆడపిల్లల ముఖాలకి నీళ్ళలో కరగని రంగు వెయ్యడం ఆవిడ పని. ఒకరోజు ఒక పిల్లకి చేప తోక తొడిగి, జుట్టు విప్పి, వెనక్కి జరిగి చూసి, "రమణీయమూ కాదు, కమనీయమూ కాదు. జలకన్నీయంగా ఉన్నావే," అంది. గదిలో ఉన్నవాళ్ళు నవ్వారు. నవ్వు అయిపోయినా మాట అక్కడే ఉండిపోయింది.

బజారు వీధి చివరి గోదాములో అద్దాల ట్యాంకు కట్టి, ముందు బెంచీలు వేసి, ఆ హాలు నడుపుతున్నారు. వెనక మేకప్ గది, మోటార్ల గది, తడి తువ్వాళ్ళు ఆరేసే తీగ. మధ్యాహ్నం ఒక ఆట, సాయంత్రం ఒక ఆట. తోకలు తొడుక్కున్న ఆడపిల్లలు నీళ్ళలో తిరుగుతారు. రాళ్ళ చాటున గాలి పైపులుంటాయి. ఊపిరి చాలనప్పుడు రాయి వెనక్కి వెళ్ళి, పైపు నోట పెట్టుకుని గాలి పీల్చి, మళ్ళీ నవ్వుతూ బయటికొస్తారు. చూసేవాళ్ళకి అది దాగుడుమూతల ఆటలా ఉంటుంది.

మేకప్ గది నుంచి మాట మోటార్ల గదికి వెళ్ళింది. అక్కడ అర్థం మారింది. కొత్త తోకలు వచ్చే నెల వస్తాయని మేనేజరు చెప్పి వెళ్ళాక మోటార్ల తాత, "జలకన్నీయమైన మాట చెప్పాడు. పైన నవ్వు మొహం, కింద కాళ్ళు లేవు," అన్నాడు. అప్పట్నుంచి నిలబడని మాటా, నడవని పనీ, వస్తానని రాని మనిషీ, అన్నీ జలకన్నీయాలే అయ్యాయి.

మూడో అర్థం అత్త ఇచ్చింది. ఆ అర్థంలో ఆ మాటని ఎవరూ నవ్వుతూ అనరు.

అత్త కూడా ఒకప్పుడు తోక తొడుక్కున్న మనిషే. ఒక ఆటలో ఆమె గాలి పైపు మడత పడింది. ఇంకో పైపు దాకా వెళ్దామనుకుంది. మొదట గుండెల్లో మంట పుట్టింది. ఆ తర్వాత మంట పోయింది. నీళ్ళు దుప్పటి కప్పినట్టున్నాయి. బెంచీల మీది జనమంతా అయినవాళ్ళలా కనిపించారు. కాపలా మనిషి దూకి, జుట్టు పట్టి పైకి లాగాడు. తేరుకున్నాక, "లోపల ఎలా ఉందే?" అని రంగులక్క అడిగింది. "జలకన్నీయంగా ఉందక్కా," అంది అత్త. రంగులక్క నవ్వబోయి ఆగిపోయింది.

ఆ తర్వాత చెవి పాడై, అత్త తోక వదిలేసి తనే కాపలాకి కూర్చుంది. ట్యాంకు పక్కన, ప్రేక్షకులకి కనబడని మూల చిన్న కిటికీ అద్దం ఉంటుంది. దాని ముందు స్టూలు, స్టూలు పక్కన ట్యాంకు మీదికి మెట్లు. చేతిలో ఇనుప కడ్డీ. ఆ కడ్డీతో ట్యాంకు చట్రం మీద కొడితే నీళ్ళలో ఉన్నవాళ్ళకి ఎముకల్లోకి వినిపిస్తుంది. ఒక దెబ్బ ప్రశ్న. తోక ఒకసారి విసిరితే జవాబు. జవాబు రాకపోతే కాపలా మనిషి దూకాలి. ఎవర్నీ అడగక్కర్లేదు.

కొత్తగా వచ్చే కాపలావాళ్ళకి అత్త ఇంకొకటి కూడా చెప్పేది. "ఊపిరాడనిదాని మొహం ఎక్కడ నలుగుతుందా అని చూడకండి. నవ్వు చూడండి. నేర్చుకున్న నవ్వులో కళ్ళు పనిచేస్తుంటాయి. జనం ఎక్కడున్నారు, రాయి ఎక్కడుంది, పైపు ఎక్కడుంది అని వెతుకుతుంటాయి. కళ్ళు వెతకడం మానేసి నవ్వొక్కటీ మిగిలిందనుకోండి, అది జలకన్నీయం. అప్పుడు దూకండి."

పిట్ట అత్తకి మేనకోడలు, అన్న కూతురు. నీళ్ళలో తిరిగే పిల్లకి పిట్ట అని పేరెందుకొచ్చిందో ఎవరికీ తెలియదు. తండ్రి ఈ పని వద్దన్నాడు. "నా కళ్ళముందే ఉంటుంది కదరా అన్నయ్యా, పూచీ నాది," అని అత్త తీసుకొచ్చింది. పిట్ట అత్తా అని పిలవడం మొదలుపెట్టాక హాలంతా అదే పిలుపు పట్టుకుంది. ఆమెకన్నా పెద్దవాడైన మోటార్ల తాత కూడా అత్తా అనే అంటాడు.

ఇదిలా ఉండగా కొత్త మేనేజరు వచ్చాడు. మేకప్ గది తలుపు దగ్గర ఆ మాట అతని చెవిన పడింది. మొదటి అర్థం ఒక్కటే పడింది. మర్నాటికల్లా పోస్టర్ల మీదికెక్కించాడు. 'జలకన్నీయమైన ఆట. ఒక్క ఊపిరితో ముత్యం తెచ్చే కన్య.' ఆ కన్య పిట్ట. పైపు ముట్టకుండా అడుగుదాకా వెళ్ళి, ఇసుకలోని చిప్ప తెరిచి, ముత్యం తీసి, జనానికి చూపించి పైకి రావాలి. ఈ ఒక్క ఆటకి పైపులు తీయించేశాడు. ఫోటోల్లో కనబడుతున్నాయట.

మొదటి ఆటలోనే అత్త దూకింది. పిట్ట జుట్టు చిప్పలో చిక్కుకుంది. విడిపించుకుంటూ ఉంటే, అత్త కొట్టిన దెబ్బకి తోక కదల్లేదు. స్వెట్టరుతోనే దూకిన అత్తని చూసి జనం పడీ పడీ నవ్వారు. ఎవరో ఫోన్లో తీశారు. అందులో పిట్ట అత్తని తోసేస్తూ కనిపిస్తుంది. చూసినవాళ్ళంతా ఆ ముక్క దగ్గరే నవ్వారు.

"మీ జాగ్రత్త నాకు అర్థమైంది అత్తా," అన్నాడు మేనేజరు. "ఇంకోసారి ఇలా జరిగితే మాత్రం మీ ఇద్దరికీ అదే ఆఖరి ఆట."

ఇవాళ ఇద్దరు అతిథులొచ్చారు. వేరే చోట ఒక పెద్ద ట్యాంకు నడిపేవాళ్ళు. చూడ్డానికొచ్చింది పిట్టని. నచ్చితే తీసుకెళతారు. ముందు వరస బెంచీ మీద వాళ్ళకి కుర్చీ దిళ్ళు కూడా వేయించాడు మేనేజరు.

అత్త మేకప్ గదిలోకి వెళ్ళేసరికి పిట్ట తోక తొడుక్కుని బల్ల మీద కూర్చుంది. గబగబా ఊపిరి పీలుస్తోంది, వదులుతోంది. పరుగెత్తి వచ్చిన కుక్కలా భుజాలు ఎగురుతున్నాయి.

"ఏం చేస్తున్నావే?"

"ఉండు అత్తా. లెక్క తప్పుతుంది."

"ఎవరు నేర్పారిది?"

"ఫోన్లో చూశా. ముందు ఇలా చేసుకుంటే లోపలికెళ్ళాక ఊపిరి కావాలన్న ఆరాటమే ఉండదు. నిన్న చేశా. ఎంత హాయిగా ఉందో తెలుసా?"

"ఆ ఆరాటమే కదే నిన్ను పైకి తెచ్చేది," అంది అత్త. "దాన్ని చంపుకుని దిగుతావా? ఇది మానెయ్. మామూలుగా పీల్చుకో. ఎంతసేపు ఉండగలిగితే అంతసేపే."

"అంతసేపు చాలదు. చిప్ప దాకా పోయేసరికే సగం అయిపోతుంది."

"చాలకపోతే పైకొచ్చెయ్. ముత్యం లేకుండా రా. ఏం మునిగిపోయింది?"

"వాళ్ళిద్దరూ పొద్దున్నే బయల్దేరి వచ్చారు, నేను ముత్యం లేకుండా రావడం చూడ్డానికా?"

రంగులక్క కుంచె కడుగుతూ, "అత్త చెప్పేది వినవే. ఆవిడ చచ్చి బతికిన మనిషి," అంది.

"అదే నా ఖర్మ," అంది పిట్ట. "ఆవిడ ఒకసారి చచ్చిందని నన్ను రోజూ చంపుతోంది. అత్తా, చూడు. ఇవాళ్టికి కొట్టకు. నీ దెబ్బ వినిపిస్తే జవాబివ్వాలి, జవాబిస్తే ఊపిరి ఖర్చు. ఈ ఒక్క ఆటా నాకు వదిలెయ్. నీ కాళ్ళు పట్టుకుంటా. నాకెలాగూ లేవు, నీవే పట్టుకోవాలి."

అత్తకి నవ్వొచ్చింది. నవ్వితే మాటిచ్చినట్టవుతుందని నవ్వలేదు.

"ఒకసారి కొడతా," అంది. "ఒకే ఒక్కసారి. తోక కొసైనా కదుపు. లేదంటే దూకుతా."

"దూకితే మళ్ళీ నీతో మాట్లాడను."

"మాట్లాడకు. మాట్లాడకుండా ఉండాలన్నా ఊపిరి ఉండాలి."

ఇద్దరు మనుషులు వచ్చి పిట్టని బల్లతో సహా ఎత్తుకుపోయారు. ఆమె అత్త వైపు చూడలేదు. తలుపు దాటేదాకా భుజాలు ఎగురుతూనే ఉన్నాయి.

అత్త మేనేజరు దగ్గరికి వెళ్ళింది. అతను అతిథుల పక్కన నిలబడి ఉన్నాడు. చెవిలో, "బాబూ, పిల్ల గాలి తప్పుగా పట్టింది. కాసేపు ఆపండి," అంది. అతను అతిథులకి చిరునవ్వు చూపిస్తూనే, "అత్తా, వెళ్ళి మీ స్టూలు మీద కూర్చోండి," అన్నాడు. అప్పటికే దీపాలు తగ్గాయి. ట్యాంకు వెలిగింది. అత్త పరుగున కిటికీ దగ్గరికి చేరి, స్వెట్టరు విప్పి మెట్టు మీద పెట్టింది.

పిట్ట దిగింది. చేతులు ఒంటికి ఆనించి, నడుము నుంచి అల కదిలినట్టు తోక కదుపుతూ అద్దం వెంబడి ఒక చుట్టు చుట్టింది. కళ్ళు పనిచేస్తున్నాయి. ముందు వరస చూశాయి, రాయి చూశాయి, అడుగు చూశాయి. అత్త కడ్డీ ఒళ్ళో పెట్టుకుంది.

పిట్ట తల కిందికి తిప్పి అడుగుకి వెళ్ళింది. చిప్ప మూత గట్టిగా ఉంది. రెండు చేతులా లాగింది. తెరుచుకుంది. ముత్యం తీసి పిడికిట్లో పెట్టుకుంది. ఇక జనానికి చూపించి పైకి రావాలి. అద్దం దగ్గరికి వచ్చి పిడికిలి ఎత్తింది. బెంచీలు చప్పట్లు కొట్టాయి. ఒక చంటిపిల్ల అద్దం అవతల చెయ్యి ఊపింది. పిట్ట ఆ పిల్ల వైపు నవ్వింది.

అక్కడే ఉండిపోయింది.

"చూడండి," అన్నాడు మైకులో మాట్లాడే ఆయన. "ఇంకా ఒక్క ఊపిరే. ఆ నవ్వు చూడండి. దీన్నే మేం ఏమంటాం? మీరు చెప్పండి. జల..."

"కన్నీయం," అన్నారు జనం.

చంటిపిల్లని తల్లి పక్కకి తీసుకుపోయింది. పిట్ట కళ్ళు దాంతో వెళ్ళలేదు. పిల్ల లేని చోటనే ఉన్నాయి. నవ్వు బాగుంది. అత్త ఇన్నేళ్ళలో నేర్పిన నవ్వుల్లో ఏదీ అంత బాగా లేదు.

అత్త కడ్డీ ఎత్తి చట్రం మీద కొట్టింది.

జవాబు లేదు.

రాయి అడ్డం లేదు, జుట్టు చిక్కుకోలేదు. పోయినసారి కూడా ఏదో అయిపోయిందనుకునే దూకింది. ముందు వరసలో అతిథుల్లో ఒకాయన ముందుకి వంగి చూస్తున్నాడు. అతనికి నచ్చింది. ఆ సంగతి వంగిన తీరు చూస్తేనే తెలుస్తోంది. ఇప్పుడు దూకితే పిల్ల బతుకు చెడగొట్టిన అత్త. దూకకపోతే ఏమవుతుందో అత్త మనసులో అనుకోలేదు. ఒకే ఒక్కసారి అన్న మాట పక్కన పెట్టి కడ్డీ మళ్ళీ ఎత్తి, బలమంతా పెట్టి కొట్టింది. చట్రం మోగింది. బెంచీల మీది వాళ్ళు ఇటు తిరిగి చూశారు. తోక కొస ఇసుక వైపు వేలాడుతోంది.

"మళ్ళీ చెప్పండి," అంటున్నాడు మైకాయన. "జల..."

అత్త మెట్లెక్కి దూకింది.

ఈసారి పిట్ట ఆమెని తోసెయ్యలేదు. చంకల కింద చేతులు వేసి లాగితే తడిసిన పరుపులా వచ్చింది. పైకి తేలాక తల వెనక్కి వాలింది. పెదాల మీది రంగు కింద నుంచి ఇంకో రంగు కనిపించింది. మోటార్ల తాత అప్పటికే మెట్ల మీద ఉన్నాడు. ఇద్దరూ కలిసి గట్టు మీదికి చేర్చారు. అత్త ముఖం మీదికి వంగి ఊదింది, చెంపల మీద తట్టింది.

"ఊపిరి తీసుకో. పిట్టా, ఊపిరి. తీసుకో అమ్మా."

కింద జనం నవ్వు మొదలుపెట్టి మధ్యలో ఆపేశారు. మైకు ఊరుకుంది. మోటారు ఒక్కటే తిరుగుతోంది. అత్త మళ్ళీ ఊదింది, మళ్ళీ తట్టింది, మళ్ళీ పిలిచింది.

పిట్ట గొంతులో ఏదో తెగినట్టు చప్పుడు వచ్చింది. ఛాతీ లేచింది. దగ్గింది. కళ్ళు తెరిచి, మొదట పైకప్పునీ, తర్వాత అత్తనీ చూసింది.

"దూకావు," అంది.

"దూకాను."

"నేను పైకి వస్తూనే ఉన్నా కదా. ఇంకా ఊపిరుంది నాకు. సగం దూరం వచ్చేశా. ఎందుకు దూకావు?"

అత్త ఆమె ముఖానికి అంటుకున్న తడి జుట్టు పక్కకి తీసింది.

పిట్టని బల్ల మీద మేకప్ గదికి తెచ్చారు. రంగులక్క తువ్వాలు కప్పింది. పిట్ట ఏడుస్తోంది, తిడుతోంది. తన నోటి దగ్గర కూడు లాగేశారంది. అత్తని ఇంటికి పొమ్మంది. తాను అద్దం దగ్గర్నుంచి తిరిగిందీ, తోక విసిరిందీ, పైన వెలుగు కనబడిందీ పూసగుచ్చినట్టు చెప్పింది. అన్నీ ఆమెకి గుర్తున్నాయి. కుడి చేతి పిడికిలి మాత్రం విప్పలేదు.

"ఇదిగో," అంది. "ముత్యం కూడా తెచ్చా. చూడండి. స్పృహలో లేనిదాన్నయితే తెచ్చేదాన్నా?"

పిడికిలి విప్పింది. అరచేతిలో గోళ్ళ గుర్తులున్నాయి. ముత్యం లేదు.

పిట్ట తువ్వాలు దులిపింది. తోక మడతల్లో వెతికింది. తలుపు దగ్గర నిలబడ్డ మోటార్ల తాత గొంతు సవరించుకుని, "అద్దం దగ్గరే ఉందమ్మా, ఇసుకలో. నువ్వు నవ్వుతున్నప్పుడే జారిపోయింది. ఇందాక చూశా," అన్నాడు.

పిట్ట తన చేతిని అటూ ఇటూ తిప్పి, వేరేవాళ్ళ చెయ్యి అన్నట్టు చూసుకుంది.

"వెలుగు కనబడింది అత్తా," అంది. "నిజంగా కనబడింది."

"కనబడుతుంది," అంది అత్త. "నాకూ కనబడింది."

మేనేజరు వచ్చాడు. ముఖం పాలిపోయి ఉంది. పిల్ల ఎలా ఉందని అడిగాడు, డాక్టరు దారిలో ఉన్నాడన్నాడు. అతిథులు వెళ్ళిపోయారట. ఫోన్ చేస్తామన్నారట. ఆ మాట ఏ రకం మాటో గదిలో అందరికీ తెలుసు. చేతులు నలుపుకుని, "రేపటి సంగతి..." అన్నాడు.

"పైపులు పెట్టించండి," అంది పిట్ట. "డాక్టరు దిగమన్నరోజు దిగుతా. పైపులుంటేనే. అత్త కొడితేనే."

"తప్పకుండా. కానీ పోస్టర్ల మీద ఒక్క ఊపిరి అని వేశాం కదా..."

"ఆ పోస్టరు జలకన్నీయం, బాబూ," అంది రంగులక్క, కుంచె తుడుస్తూ. "చూడ్డానికి బానే ఉంది."

మోటార్ల తాత నవ్వు దాచుకోడానికి గోడ వైపు తిరిగాడు. మేనేజరుకి అర్థం కాలేదు. పొగిడిందనుకుని తలూపి వెళ్ళిపోయాడు.

అత్త లేచి, తడి బట్టలతోనే బయటికెళ్ళి, స్టూలు దగ్గర పడి ఉన్న కడ్డీ తెచ్చుకుంది. పిట్ట కళ్ళు మూసుకుని పడుకుంది. ముఖం గోడ వైపు ఉంది. నిద్రపోయిందో లేదో తెలియలేదు. అత్త కాసేపు చూసింది. తర్వాత ఉండబట్టలేక, బల్ల కాలి మీద కడ్డీతో ఒకసారి తట్టింది.

పిట్ట కళ్ళు తెరవలేదు. తువ్వాలు కింద తోక లేచి, బల్లని చెళ్ళున కొట్టింది.

"ఉన్నానే తల్లీ," అంది గోడ వైపు నుంచే. "పడుకోనీ."