ఆర్సీ పుస్తకంలో నెంబరు

దోసె పెనం మీద ఉండంగానే, "ఏం రాసినారో చూడు" అని ఆ కవరు నా చేతిలో పెట్టినాడు మా ఆయన దామోదరం. ఇంగ్లీషు ఉత్తరాలు చదివేది మా ఇంట్లో నా పని. చిత్తూరులో ఒక ఆఫీసులో టైపిస్టుని కదా. ఆయన బెల్లం మండీకి వచ్చే ఉత్తరాలకు జవాబులు కూడా పొద్దున వంట చేసుకుంటానే రాసిచ్చేదాన్ని.

ఇది కారు కంపెనీ వాళ్లది. ఫలానా నెంబరు నుంచి ఫలానా నెంబరు దాకా తయారైన కార్లలో బ్రేకు గొట్టాలు పగిలే ప్రమాదం ఉండాదంట. మీ కారు అందులో ఉందేమో చూసుకోండి, ఉంటే మద్రాసుకు తీసుకురండి, ఊరికే మార్చి ఇస్తాం అని రాసినారు. ఆయన స్నానానికి పోయినాక బీరువాలోంచి ఆర్సీ పుస్తకం తీసి, ఒక్కో అంకె మీద వేలు పెట్టి సరిచూసినాను. మాది అందులోనే ఉండాది. ఆయన రాంగానే ఆ సంగతంతా చదివి చెప్పినాను. అప్పటికే దోసె మాడిపోయింది.

"కారు నెంబర్లు చూసే తీరిక ఉండాది గానీ దోసె చూసే తీరిక లేదా?" అన్నాడు ఆయన, తల తుడుచుకుంటా. ఆ సాయంత్రం మండీ భాగస్థుడు మునిరామయ్య వస్తే, "మా ఆవిడ టైపు కొట్టి కొట్టి మెకానిక్కైపోయినాదబ్బా!" అన్నాడు. ఇద్దరూ నవ్వినారు. కాఫీ గ్లాసులు పట్టుకోని నేనూ నవ్వినాను. ఆ తర్వాత మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

మూడు నెలలకు కారు అమ్మేసినాడు. కొన్నది తిరుపతి చెంగల్రాయుడు. కొండకు టాక్సీ తిప్పుకుంటాడంట. బండి తీసుకుపోయేదానికి భార్య యశోదమ్మను, పిల్లల్ని కూడా తోడుకోని వచ్చినాడు. ఆమె చక్రాలకు పసుపూ కుంకుమా పెట్టి, "అక్కా, మీ ఇంట్లో నుంచి వచ్చిన బండి, మాకు కలిసొస్తాది" అనింది. నేను మా ఆయన్ని వంటింట్లోకి పిలిచి, "ఆ బ్రేకు సంగతి చెప్పినారా వాళ్లకు?" అని అడిగినాను.

"బేరం చెడగొట్టొద్దు. నోర్మూసుకోని కాఫీ పట్టుకురా."

పట్టుకొచ్చినాను. పిల్లలకు పాలు కూడా ఇచ్చినాను. వాళ్లు ఎక్కి కూర్చుంటే చెయ్యి ఊపినాను.

పదకొండు రోజులు నాకు నేను ఏవేవో చెప్పుకున్నాను. అమ్మింది ఆయన, జవాబుదారీ ఆయనదే అని. ఈ ఇంట్లో నా మాట ఎవురు వింటారు అని. ఆ మాట అనుకుంటానే, గిన్నె తోముతున్నదాన్ని ఆగిపోయినాను. ఈ ఇంట్లో నాకు మాట లేదని పన్నెండేళ్లు కుమిలిపోయినాను. ఇప్పుడు అదే అడ్డం పెట్టుకోని దాక్కుంటా ఉండాను. చెంగల్రాయుడి ముందర నా నోరు ఎవురూ పట్టుకోలేదే!

శనివారం ఆఫీసు ఒంటిపూట. ఇంటికి పోకుండా తిరుపతి బస్సెక్కినాను.

టాక్సీ స్టాండులో బండి కనబడింది. వెనక సీట్లో ఒక ముసలామె, చంటిబిడ్డతో ఒక తల్లి. చెంగల్రాయుడు తలుపు వేస్తా ఉండాడు. పరిగెత్తినాను.

"అన్నా, ఈ బండిని కొండెక్కించొద్దు!"

వెంట తెచ్చుకున్న ఆ ఉత్తరం చదివి తెలుగులో చెప్పినాను. ఆయన బానెట్టు ఎత్తితే లోపల రేకు మీది నెంబరు నేను చదివినాను. కాగితంలోని నెంబర్లతో ఆయనే పోల్చుకున్నాడు. వాళ్లను దించి ఇంకో టాక్సీ ఎక్కించి, బండి కిందికి దూరినాడు. బయటికొచ్చి నాకు వేలు చూపించినాడు. బ్రేకు నూనె తడి. తర్వాత మద్రాసులో గొట్టం మార్చిచ్చినారు, అది వేరే సంగతి.

"ఈ కాగితం ఎప్పుడొచ్చిందమ్మా?"

నిన్ననే అనొచ్చు. మా ఆయనకు ఇంగ్లీషు రాదు, పాపం తెలీదు అనొచ్చు. ఆ రెండు మాటలూ నాలిక మీదికి వచ్చినాయి.

"మూడు నెలల పైనే ఆయె. మా ఆయనకు చదివి చెప్పింది నేనే. మీకు కాఫీ ఇచ్చిన పొద్దు కూడా నాకు తెలుసు."

చెంగల్రాయుడు అరుస్తాడనుకున్నాను. అరవలేదు.

"ఆ పొద్దు నా బిడ్డలు గూడా ఈ బండ్లోనే వచ్చినారు గదమ్మా" అన్నాడు.

మా ఇంట్లో చెయ్యని తప్పులకు ఎన్నోసార్లు తల వంచుకున్నాను. టాక్సీ స్టాండులో, అంతమంది ముందర, చేసిన తప్పుకు వంచుకున్నాను.