అద్దం వెనక ఆకుపచ్చ కోటు

నేను ఒక ఆకుపచ్చ కోటును. రెండో ప్రపంచయుద్ధం ముగిసిన ఏడాది పారిస్‌లో బట్ట దొరక్క, ఒక దర్జీ పాత బిలియర్డ్స్ బల్ల మీది గుడ్డ ఒలిచి నన్ను కుట్టాడు. నా వీపు మీద ఆటగాళ్లు కర్రకు రాసే సుద్దముక్క మరక ఇప్పటికీ ఉంది. ఒక సినిమా స్టూడియో నన్ను కొన్నది గాని, నటులెవరూ నా దగ్గరికి రాలేదు. ఫ్రెంచి నటులకు ఆకుపచ్చ అంటే అపశకునం. ఆ రంగు తొడిగితే వేషం మునుగుతుందట! తీసేవేమో నలుపు తెలుపు సినిమాలు. తెరమీద నా రంగు ఎవడికి కనిపిస్తుంది? అడుగుదామంటే నాకు నోరు లేకపోయింది.

నన్ను మొదట తొడిగినవాడు ఆన్సెల్మ్ కోర్వే. ఆ పేరు మీరు విని ఉండరు. అది మీ తప్పు కాదు. ఎవరి తప్పో అదే చెబుతున్నాను. ఇరవై ఏళ్లుగా అతను సినిమాల్లో హోటలు సర్వరు, జవాను, శవం. ముఖం కనిపించే వేషం ఒక్కటీ రాలేదు. చివరికి ఒకటి వచ్చింది. కొడుకుని చంపించిన జమీందారు ఇంటికి వెళ్లి నిలదీసే తండ్రి వేషం. జమీందారుగా రెమీ వలాంక్, అప్పట్లో పెద్ద హీరో. మంచు కురుస్తున్న ఆ పొద్దున మంచి కోట్లన్నీ తలా ఒకటి పట్టుకుపోగా, ఆన్సెల్మ్‌కి నేనే మిగిలాను.

"రంగుదేముందిలే, వెచ్చగా ఉంటే చాలు," అని తొడుక్కున్నాడు.

ఏం చేశాడనుకున్నారు! అరవలేదు, ఏడవలేదు. "నా బిడ్డ బూట్లు మీ గుమ్మంలోనే ఉన్నాయి దొరా. వాడేడీ?" అన్నాడంతే. లైట్లు పట్టుకున్నవాళ్లు కళ్లు తుడుచుకున్నారు. వలాంక్ నోరు తెరిచాడు గాని మాట రాలేదు. తన డైలాగు మరిచిపోయాడు.

ఆడలేక మద్దెల ఓడన్నట్టు, "ముందు ఈ ఆకుపచ్చ శనిని బయట పారేయండి!" అని నా మీద విరుచుకుపడ్డాడు. ఆన్సెల్మ్ నన్ను విప్పేసి, చలికి వణుకుతూ, ఒట్టి చొక్కాతో మళ్లీ చేశాడు. వలాంక్ మళ్లీ మరిచిపోయాడు. "దాని పీడ ఇంకా ఇక్కడే ఉంది," అన్నాడు. దర్శకుడికి నిజం తెలుసు. తెలిసి కూడా ఆ సన్నివేశం మొత్తం తీసేశాడు, సిగ్గులేని మనిషి. సినిమాలో ఆన్సెల్మ్‌ది మిగిలిందల్లా తలుపు మూసే ఒక చెయ్యి. ఆ తర్వాత అతన్ని ఏ స్టూడియో పిలవలేదు. "ఆ ఆకుపచ్చ కోటువాడా? వద్దు బాబోయ్," అనేవారు.

వలాంక్ పోయాక ఒక మ్యూజియం నన్ను కొని అద్దాల పెట్టెలో పెట్టింది. అతని సినిమా సామాన్లలో దొరికానని కాబోలు, కింద పలక మీద 'రెమీ వలాంక్ ధరించిన కోటు' అని రాశారు. నన్ను చూసి జడుసుకున్నవాడి పేరు నాకు తగిలించారు! ఒళ్లు మండిపోయింది.

మొన్న ఆన్సెల్మ్ వచ్చాడు. ఎనభై దాటిన మనిషి, టిక్కెట్టు కొనుక్కుని మరీ వచ్చి అద్దం మీద చెయ్యి ఆనించాడు.

"ముట్టుకోకండి పెద్దాయనా," అన్నాడు కాపలావాడు.

"ఇది నేను వేసుకున్న కోటు బాబూ."

"వచ్చిన ప్రతివాళ్లూ అదే మాట. జరగండి."

ఆన్సెల్మ్ జరగలేదు. చేతికర్ర గోడకు ఆనించి నావైపు తిరిగాడు. "నా బిడ్డ బూట్లు మీ గుమ్మంలోనే ఉన్నాయి దొరా. వాడేడీ?" అన్నాడు. గదిలో ఉన్నవాళ్లంతా ఎక్కడివాళ్లక్కడ ఆగిపోయారు. కాపలావాడు టోపీ తీశాడు. ఇన్నాళ్లకు న్యాయం జరిగిందనుకున్నాను, పిచ్చిదాన్ని.

ఒకావిడ చప్పట్లు కొడుతూ ముందుకొచ్చింది. "ఎంత బాగా చేశారండీ! అచ్చం వలాంక్ గారే!"

ఆన్సెల్మ్ కర్ర అందుకుని వెళ్లిపోయాడు.

నా చేతులు రెండూ ఇక్కడే వేలాడుతున్నాయి. వాటిలో మనిషి లేడు కాబట్టి సరిపోయింది. ఉంటే, ఈ అద్దం ఈపాటికి పగిలి ఉండేది.