తొలి కూత

శరదృతువు ప్రవేశించి పక్షము గడచినను ఆ ద్వీపనగరముమీది మేఘములు సెలవు పుచ్చుకొనియు గుమ్మము దాటని చుట్టములవలె నింకను తచ్చాడుచుండెను. సముద్రతీరమున నలువదిరెండు దేశముల పతాకములు ప్రాతఃకాలసమీరణచలితములై రెపరెపలాడుచుండ వాని క్రింద శ్వేతసౌధపరంపరావిరాజితమైన క్రీడాకారుల వాడ మెల్లమెల్లగా మేలుకొనుచుండెను. నాలుగేండ్ల కొకమారు జరుగు పంచద్వీప క్రీడామహోత్సవమున కది పదునొకండవ దినము. పరుగెత్తువారు పరుగెత్తిరి. ఈదువా రీదిరి. ఓడినవారు మూటలు గట్టుకొనుచుండగా గెలిచినవారు పతకములను మెడనుండి తీయ మనసొప్పక వానితోడనే ఫలాహారశాలకు బోవుచుండిరి. మఱునాటి స్త్రీల కబడ్డీ తుదిపోటీకై వేచియున్న యొక యువతి మాత్రము తన గదిలో నేలపై గూర్చుండి యెడమమోకాలికి గుడ్డపట్టీ చుట్టుకొనుచుండెను.

ఆమె పేరు వాసుపల్లి నూకరత్నము. శ్రీకాకుళపు సముద్రతీరమున బుట్టి వలలమీద నిద్రించి యలలతో నాడుకొని పెరిగిన యా జాలరికన్య యిరువదితొమ్మిదవయేట భారతజట్టునకు నాయకురాలు. నాలుగేండ్ల క్రిందట నిదే యుత్సవమున నిదే తుదిపోటీలో నిదే ప్రత్యర్థిజట్టుచేత కడపటి కూతలో నామె పట్టువడెను. చేతులు కలిపి యడ్డునిలిచిన యిద్దఱిని దప్పించుకొనలేక నేలగూలిన యా క్షణమున నొక్క పాయింటు తేడాతో స్వర్ణపతకము చేజాఱెను. ఇప్పుడు మోకాలు మొరాయించుచున్నది. ఇదియే తన కడపటి యుత్సవమని యామె యెఱుగును. రేపు గెలువనిచో నీ జన్మమున నిక గెలుచుట లేదు.

ఆ యోటమి పిదప నింటికి బోయి మూడుదినము లన్నము సహింపక నాలుగవనాడు సముద్రమున దిగినపు డొక మహాతరంగము మీదికి వచ్చెను. అలకు రొమ్మొడ్డక తల వంచి దాని క్రిందుగా మునిగి యావలిప్రక్క దేలుట చిన్ననాటినుండి యామెకు వెన్నతో బెట్టిన విద్య. ఆనాడు మునిగి తేలినతోడనే యామెకు దోచినది. చేతులు కలిపి నిలిచిన యిద్దఱు మనుష్యులును ఒక యలయే గదా! మధ్యరేఖవైపునకు బెనుగులాడుటకు మాఱుగా వారి చేతుల క్రిందుగా శత్రుభూమిలోనికే మునిగి వెనుకప్రక్క దేలి చుట్టుదిరిగి వచ్చినచో నెవ రాపగలరు? ఆ యెత్తునకు మునక యని పేరు పెట్టుకొని రెండు గుంజలకు గట్టిన త్రాటి క్రింద నాలుగేండ్లు మోచేతులు చీరుకొనిపోవ సాధనచేసి యే పోటీయందును బ్రయోగింపక దాచియుంచెను. తోడియాటకత్తెలును దాని నెఱుగరు. ఎఱిగినవా డొక్కడే.

ఆ యొక్కడు గురువును భారతజట్టు శిక్షకుడును అగు బొడ్డేపల్లి తవిటయ్య మేష్టారు. పదునాలుగేండ్ల ప్రాయమున నిసుకలో వట్టికాళ్ళతో నాడుచున్న నూకరత్నమును బిలిచి తొలి బూట్లజత కొనియిచ్చినవా డాతడు. ఆతని శిష్యుల కొక యాచారము గలదు. క్రొత్త నేలపై నడుగిడినప్పు డెల్ల తొలి కూత గురువునకు జెల్లవలెను. మధ్యరేఖను దాకి చేయి కన్నుల కద్దుకొని తనకు వచ్చిన విద్యలలో నుత్తమమైనదానిని దాపఱికము లేక యాతని యెదుట నాడిచూపవలెను. కొబ్బరికాయకు మాఱుగా నదియే వారి నైవేద్యము. తొలి కూతలో దాచుకొన్నవారికి నేల కలిసిరాదని యాతడు చెప్పెను. ఆమె నమ్మెను.

ఎనిమిదినెలల క్రిందట నీ యుత్సవమును బట్టి వీడియో గేమ్ నిర్మించుచున్న యొక కంపెనీవారు నూకరత్నమును హైదరాబాదునకు బిలిపించిరి. ఒక విశాలమైన చీకటిగదిలో నామెకు నల్లని బిగుతుదుస్తులు దొడిగి మేనెల్ల మెఱయు గోళీలవంటి గుండ్లను అతికించి చుట్టును నలువది కెమెరాలను నిలిపిరి. ఆమె యే విధమున గదలిన నా విధముననే గేమ్‌లోని బొమ్మయు గదలునట. నేలపై తెల్లనిపట్టీతో నతికించిన మధ్యరేఖయొద్దకు దవిటయ్య వచ్చి చిఱునవ్వు నవ్వెను.

"రత్నం, కొత్త నేల గదమ్మా. తొలికూత నాది కాదేటి?"

ఆమె సందేహించెను. "మునక సూపితే అందరికీ తెలిసిపోదా మేష్టారూ?"

"పోటీలు అయిపోనాకే ఈ ఆట బయటికొస్తాది. అందాకా పెట్టెలో ఎట్టి తాళం ఏసేస్తారు. నా మాట మీద నమ్మకం లేదేటి?"

నమ్మకము లేదా యని గురు వడిగిన పిదప లేదని చెప్పగల శిష్యురా లా జట్టున నింకను బుట్టలేదు. నూకరత్నము వంగి పట్టీని దాకి చేయి కన్నుల కద్దుకొని కూత బెట్టి మునిగెను. నలువది కెమెరాలును ఱెప్పవాల్పక చూచెను. పాప మామె చూచుచున్నవాడు గురు వొక్కడే యనుకొనెను.

ఇట్లు గతమును దలచుచు పట్టీ ముడివేయుచుండగా తలుపు తోసికొని యిందుమతి వచ్చెను. అనంతపురమునుండి వచ్చిన యా పడుచు జట్టులో నందఱికంటె జిన్నది. రెండునెలల శిక్షణకాలమున దృష్టి చెదరునను నెపమున శిష్యురాండ్ర ఫోనుల నెల్ల తవిటయ్య తన పెట్టెలో బెట్టి తాళము వేసికొనియుండెను. ఈ నగరమునకు వచ్చిన పిదప వాడలోని గేమ్‌ల మందిరమువైపు పోరాదనియు నాజ్ఞాపించెను. పోరాదన్నచోటికి ముందుగా బోవుట యిందుమతి స్వభావము.

"అక్కా, బిరీన దా! నీ బొమ్మ ఎట్లాడతాందో చూద్దువు గానీ. అచ్చం నీ మాదిరే ఉండాది!"

"ఆట అప్పుడే వచ్చీసిందేటి?" అని నూకరత్నము లేచెను.

"నలభై దినాలాయనంట!"

మందిరమున గోడయంత తెరపై నూకరత్నము తన్ను దాను చూచెను. అదే బిగుతుజడ. అదే యెడమచీలమండకు గట్టిన నల్లత్రాడు. బొమ్మ వంగి రేఖను దాకి చేయి కన్నుల కద్దుకొనుట చూచి యామెకు గన్నులు చెమర్చెను. వట్టికాళ్ళతో నాడిన పిల్ల యీ మహాసౌధమున నందఱకు గనబడునట్లు నిలిచినదని క్షణకాలము పొంగిపోయెను. తర్వాత తెరపై నిద్దఱు రక్షకురాండ్రు చేతులు కలిపిరి. బొమ్మ తల వంచి వారి క్రిందుగా మునిగెను. తెరపైభాగమున బంగారుటక్షరములతో నొక పేరు వెలిగెను. అది తవిటయ్య డైవ్. మునిగి తేలినచోట ముందుగనే మోకాళ్ళపై గూర్చున్న వేఱొక బొమ్మ యామె బొమ్మను నడుము పట్టి నేల గూల్చెను.

ఆ బొమ్మ నాడించుచున్నది ప్రత్యర్థిజట్టు నాయకురాలు సులానా. విశాఖజట్టు తరఫున రెండేం డ్లాడి తెలుగు కొంత నేర్చినది. నూకరత్నమును జూచి లేచి చేతులు జోడించెను.

"రత్నం అక్క! ఇది చాలా కష్టం. మొదటి వంద సార్లు నేను పట్టలేదు. ఇప్పుడు నాలుగు వందలు పట్టాను. మా జట్టు అందరూ రోజూ ఆడుతారు. నువ్వే ఇచ్చావు కదా? నీది పెద్ద మనసు."

ఆ పలుకులలో నెగతాళి లేశమును లేదు. ఉన్నచో నోర్చుకొనుట సులభమయ్యెడిది. నూకరత్నము తిన్నగా గురువు గదికి నడచెను.

తవిటయ్య తన గదిలో మఱునాటికై నీలపుకోటునకు నిస్త్రీ చేసికొనుచుండెను. ఆమె వాకిట నిలిచెను.

"నా మునక ఎవరికిచ్చినారు మేష్టారూ?"

ఆతడు తలయెత్తలేదు. ఇస్త్రీపెట్టె నటు నిటు నడుపుచునే పలికెను. "ముప్పై ఏళ్ళు ఈల ఊదినానమ్మా. ఎంతమందిని తయారుసేసినాను! ఒక్కడికైనా నా పేరు తెలుసా? ఆ ఆట సేసినోళ్ళు నా పేరు ఏస్తామన్నారు. పోటీల ముందే ఆట రావాల, అప్పుడయితేనే పేరు, లేకపోతే లేదన్నారు. నీకు ఇంకా బోలెడు ఎత్తులున్నాయి గదా."

"ఆరోజు తొలికూత అడిగినప్పుడే తెలుసా మీకు?"

తవిటయ్య కోటు మడత సరిచేసెను.

"మేష్టారూ, నన్నడిగితే గెలిసినాక నానే మీ పేరు ఎట్టుదును గదా!"

అని యామె వాకిటనుండి యొక యడుగు లోనికి వేసెను. గురువునకు జాలని దేమి? తనవిద్య నడిగిన నిచ్చియుండును. మోకా లడిగినను నిచ్చియుండును. అడుగవలసినవాడు మ్రొక్కుబడిని వలగా బన్ని తన్నే నట్టేట ముంచెనే యను దుఃఖ మామెను దహించెను. పట్టరాని కోపము వచ్చెను. కాని పదునైదేండ్లుగా నా పాదములకు వంగిన నడుము కోపముతో నిలుచు టింకను నేర్వలేదు. ఆమె వెనుదిరిగి వెడలిపోయెను.

మఱునాడు మధ్యాహ్నము పదునెనిమిదివేల ప్రేక్షకులతో గ్రిక్కిఱిసిన క్రీడామందిరమున దుదిపోటీ యారంభమయ్యెను. క్రొత్త నేల. తొలి కూత నూకరత్నముది. బల్లపై నీలపుకోటుతో గూర్చున్న తవిటయ్యవైపు చూడక యామె రేఖను దాకి యూరక యొకసారి పోయి వచ్చెను. మునక నిక తలపెట్టరాదని నిశ్చయించుకొని పాతయెత్తులతోనే యాడెను. పాదముచాచి తాకెను. బుజముతో ద్రోసికొని వచ్చెను. మోకాలు మండుచున్నను నొంటిచేత జట్టును నిలిపెను. అరనిమిష మాటమిగిలియుండగా లెక్క యిరువదియెనిమిది యిరువదితొమ్మిది. ఒక్క పాయింటు వెనుకబాటు. ఒక్క కూత మిగిలినది.

ఆమె కూతబెట్టి ప్రవేశించెను. నాలుగేండ్ల క్రిందటివలెనే యిద్దఱు చేతులు కలిపి యెదుట నిలిచిరి. వారిని దాకి తప్పించుకొని వచ్చినచో రెండు పాయింట్లు. స్వర్ణము. కుడికి దప్పుకొందమని బుద్ధి యనెను. కాని త్రాటి క్రింద నాలుగేండ్లు మునిగిన శరీరమునకు బుద్ధిమాట వినుట కవకాశమేది? కలిసిన చేతులు గనబడగనే తల తనంత దానే వంగెను. ఆమె మునిగెను. అంత యందమైన మునక యామె సాధనయందును జేయలేదు. తేలినచోట సులానా మోకాళ్ళపై గూర్చుండి తలుపు తెఱచి చుట్టము నాహ్వానించుదానివలె జేతులు చాచియుండెను.

నూకరత్నము నేలపై నుండగనే పైనున్న మహాతెర యా పట్టును మరల మరల జూపెను. వ్యాఖ్యాత తన భాషలో నేమేమో యఱచెను. అందు తెలుగువారికి దెలిసిన దొక్కటియే మాట. తవిటయ్య డైవ్. పదునెనిమిదివేలమంది నవ్విరి. తవిటయ్య కోటు సవరించుకొని లేవబోయి మరల గూర్చుండెను. ఆతడు కోరిన పేరు లోకమంతయు విన్నది. ఆతడే వినజాలక చెవులు మూసికొనెను.

మఱుసటియేడు ఫాల్గుణమాసమున నొక యుదయము నూకరత్నము తన యూరి సముద్రతీరమున నిసుక చదునుచేసి యొక క్రొత్త కోర్టు గీచెను. మోకా లామెను కోర్టునుండి తప్పించెను గాని యాటనుండి తప్పింపలేదు. ఇందుమతి యిప్పుడు దేశపు జట్టునకు నాయకురాలు. ఆమె యనంతపురమునుండి రెండురాత్రులు ప్రయాణించి యీమెయొద్ద శిక్షణకు వచ్చెను. బూట్లు విడిచి రేఖయొద్ద నిలిచెను.

"అక్కా, నేనొగటి సొంతంగా కనిపెట్టినా. ఇంతవరకూ ఎవురికీ చూపలే. కొత్త నేల గదా, తొలికూత నీకే."

నూకరత్నము తలయెత్తి యామెను జూచెను. ఆ కన్నులలో నొకప్పటి తన నమ్మకమే యుండెను. విద్యను దొంగిలించినవానిని మనసు క్షమింపవచ్చును. మ్రొక్కును దొంగిలించినవాడు మ్రొక్కువారినందఱిని దోచినవాడు. ఆ నష్టము పూడ్చుట కామెకు దోచిన దొక్కటే యుపాయము.

"నాకు సూపకు" అనెను. "నాను సూడను. అది నీది."

అని కోర్టునకు వీపు ద్రిప్పి సముద్రమునకు మొగమై నిలిచెను. వెనుక నిందుమతి వంగి రేఖను దాకిన సవ్వడియు నిసుక చెదరిన సవ్వడియు వినవచ్చెను. కూత మొదలయ్యెను. అది పోయి యెచ్చటనో మలుపు తిరిగి తెగక బిగువు సడలక మరల రేఖయొద్దకు వచ్చువఱకును నూకరత్నము తల ద్రిప్పక యెదుట విఱుగుచున్న యలలనే చూచుచు వినుచుండెను.