అరమెట్టు కింద

పొగమంచు...

ఊరి పక్కన పారే పో నది మీద పుట్టి, పొలాలు దాటి, సన్యాసినుల మఠం గోడ దూకి, మా పాటల గదిలోకి వచ్చేసింది. అనుమతి అడక్కుండా మా దగ్గరికి వచ్చే చుట్టం అదొక్కటే. ఎవరి ఊపిరి వాళ్ల ముందు తెల్లగా కనిపిస్తోంది. బెంచీ పొడుగునా ఊపిరులే.

ఒక్క చోట తప్ప.

అది ఇప్పోలిత చోటు. మా పాటల్లో పై గొంతు ఆమెది. మొన్నమొన్నటి దాకా అక్కడే కూర్చుని, మోకాలితో నా మోకాలు పొడుస్తూ, పాట నేర్పే అక్క అటు తిరగ్గానే మూతి వంకరగా పెట్టి నన్ను నవ్విస్తూ ఉండేది. జ్వరం వచ్చింది. నిన్న ఆమె చనిపోయింది.

రేపు పొద్దున ఆమెను పూడుస్తారు. రేపు మేం పాడాలి.

ఏం పాడాలి? అదీ గొడవ.

ఇప్పోలితకు ఊహ సరిగా తెలియక ముందే ఇక్కడ వదిలేసి పోయారు. ఫెర్రారాలో పెద్దింటి ఆడపిల్లల్లో ఒకరికి పెళ్లి, ఒకరికి మఠం. వాళ్ల ఇంట్లో రెండోది ఈమె వంతు. వద్దని ఏడ్చింది. పెద్దయ్యాక బిషప్‌గారికి మొర పెట్టుకుంది, నన్ను బయటికి పంపండి అని. జవాబు లేదు. మళ్లీ పెట్టుకుంది. ఈసారి తండ్రి వచ్చాడు. బయటివాళ్లకీ మాకూ మధ్య ఉండే ఇనుప చువ్వల అవతల నిలబడి, కూతురి మొహం వైపైనా చూడకుండా, మఠం తల్లితో నాలుగు మాటలు మాట్లాడి గుర్రం ఎక్కేశాడు. ఆ గుర్రం డెక్కల చప్పుడు ఆగేదాకా ఆమె చువ్వలు పట్టుకునే ఉంది. నేను పక్కనే ఉన్నాను. నాకు కడుపు మండిపోయింది.

ఇప్పటికీ మండుతూనే ఉంది.

చివరి పూట నా చెయ్యి పట్టుకుంది. నిప్పుకణిక పట్టుకున్నట్టు ఉంది.

"ఓర్సీనా... నేను పోయాక వీళ్లు నాకు పెళ్లి పాట పాడిస్తారు చూడు. దేవుడి పెళ్లికూతురు నవ్వుకుంటూ వెళ్లిపోయిందని. అలా పాడనివ్వకే. మా అమ్మ వస్తుంది. ఆవిడకైనా నిజం తెలియాలి."

"అలాగే" అన్నాను.

అన్నాను గానీ — ఎలా?

*

మాకు పాట నేర్పేది లౌదోమియా అక్క. ఎండిన చేపలా సన్నగా, నిటారుగా ఉంటుంది. ముక్కు మీదే కోపం. సంగీతం మీద వెనిస్ పెద్దలు రాసిన లావుపాటి పుస్తకాలు ఆమెకు నోటికి వచ్చు. ఆర్గన్ ముందు కూర్చోబెట్టి మాకు నేర్పిన మొదటి పాఠం నాకింకా గుర్తుంది. ఒక స్వరం నొక్కి పట్టింది. దాని మీద మూడో మెట్టు నొక్కింది.

"ఇది పెద్ద మూడు. విన్నారా? దీంట్లో ఉత్సాహం ఉంది."

ఆ మూడో మెట్టునే ఒక్క అరమెట్టు కిందికి దించింది.

"ఇది చిన్న మూడు. దీంట్లో దుఃఖం ఉంది. ఆరో మెట్టుకీ ఇంతే. పెద్ద ఆరు నవ్వుతుంది, చిన్న ఆరు ఏడుస్తుంది. మాట ఏదైతే మెట్టు అదే ఉండాలి. ఏడుపు మాటకి నవ్వే మెట్టు వేశారా, వీపు చీరేస్తాను."

"అరమెట్టేనా అక్కా?" అంది ఇప్పోలిత. "నవ్వుకీ ఏడుపుకీ మధ్య అంత ఇరుకు సందా?"

"అంతే. చూసి నడవాలి."

"నేనెప్పుడో జారిపడ్డాను లెండి."

గదంతా గొల్లుమంది. అక్క కూడా నవ్వింది. నవ్వి, మొహం అటు తిప్పుకుని చాలాసేపు ఆర్గన్ తుడుస్తూ కూర్చుంది. దాని మీద అసలు దుమ్మే లేదు.

*

బిషప్‌గారి తరఫున వచ్చాడు డాన్ సిజిస్మొందో అనే పాద్రీ. చువ్వల అవతల కుర్చీ వేయించుకుని, మోకాళ్ల మీద గొంగళి కప్పించుకుని కూర్చున్నాడు.

ఆయన తెలివితక్కువవాడైతే ఎంత బాగుండేది! ఏమార్చేవాళ్లం. కానీ ఆ వెనిస్ పుస్తకాలన్నీ ఆయనా చదివాడు. చదివి, చిన్న మూడంటే భయపడటం నేర్చుకున్నాడు.

"అమ్మా లౌదోమియా, ఆ పిల్ల తండ్రి ఎంత పెద్దమనిషో మీకు తెలుసు. ఊరంతా వస్తుంది. పాట సంతోషంగా ఉండాలి. పెద్ద మూళ్లు, పెద్ద ఆరులు. నాకూ చెవులున్నాయి, మర్చిపోకండి."

"చావు కదండీ అయ్యగారూ" అంది అక్క.

"సన్యాసినికి చావేంటమ్మా? పెళ్లి. చిన్న మూడు చెవిన పడిందంటే జనం గుండె మెత్తబడిపోతుంది. మెత్తబడ్డ గుండె ఊరుకుంటుందా? ప్రశ్నలడుగుతుంది. అందుకే గదా, ఏడుపు రాగాల్ని ఊళ్లోంచే తరిమెయ్యమన్నారు పాత గ్రీకులు."

వేలెత్తి చూపించాడు.

"ఒక్క ఏడుపు స్వరం నా చెవిన పడిందా — ఆర్గన్‌కి తాళం. ఇక ఈ మఠంలో అందరూ కలిసి ఒకే వరస పాడుకోవడమే. గొంతుకో వరస కుదరదు. తర్వాత మీ ఇష్టం."

మీ ఇష్టమట!

మాకు వీధి లేదు. సంత లేదు. గోడ అవతల ఏ చెట్టు పూసిందో వాసన బట్టి చెప్పుకోవాలి. ఒక గొంతు పైకి పోతుంటే ఇంకో గొంతు దానికి ఎదురొచ్చి, పక్కనుంచి తప్పుకుని, మళ్లీ కలిసి... అదే మా వీధి. అందులోనే మేం తిరుగుతాం. దాన్ని మూసేస్తానన్నాడు, గొంగళి సర్దుకుంటూ.

*

అక్క పాట రాసింది. ఆయన చువ్వల సందులోంచి కాగితం తీసుకుని, ప్రతి వరస కిందా వేలు పెట్టి చదివాడు. అన్నీ పెద్ద మూళ్లే. స్వరాన్ని అరమెట్టు దించమనే మెత్తని గుర్తు ఒక్కటీ లేదు.

"శభాష్" అన్నాడు.

నాకు ఒళ్లు మండింది. ఆయన వెళ్లీ వెళ్లకముందే అడిగేశాను.

"లొంగిపోయారా అక్కా?"

అక్క కలం మొన తుడుచుకుంటోంది. తలెత్తలేదు.

"ఇన్నేళ్లూ కాగితంలో ఉన్నదే పాడావా ఓర్సీనా నువ్వు?"

పాడలేదు. ఎవరూ పాడరు. మా సంగీతంలో ఒక స్వరం ఉంది. గట్టిగా పాడితే ఒక రకం, మెత్తగా పాడితే ఇంకో రకం. గొంతు పెంచడం, తగ్గించడం కాదు; గట్టిది పైన, మెత్తది అరమెట్టు కింద. కాగితం మీద రెండూ ఒకే గీత మీద కూర్చుంటాయి. ఎక్కడ గట్టిది, ఎక్కడ మెత్తది — చాలాసార్లు ఎవరూ గుర్తు పెట్టరు. పెడితే మాకు కోపం కూడా! అన్నం ఎలా తినాలో నేర్పుతున్నారా అంటాం. చుట్టూ గొంతులు విని, చెవి చెప్పినట్టు గొంతు పోతుంది.

నేను కాగితం మళ్లీ చూశాను.

పెద్ద మూళ్లన్నీ ఆ స్వరం మీదే నిలబడి ఉన్నాయి. గట్టిగా పాడితే పెళ్లి. మెత్తగా పాడితే...

"మధ్య గొంతు నీది" అంది అక్క. "అది నీ వరసలోనే ఎక్కువ. నేనేం చెప్పలేదు. నువ్వేం వినలేదు."

"మిగతావాళ్లకి చెప్పొద్దా?"

"చెప్తే వాళ్లకీ శిక్షే. నువ్వు దిగు. చెవులున్నవాళ్లు నీ వెనకాల దిగుతారు."

"దిగకపోతే?"

"నువ్వు మెత్తగా, వాళ్లు గట్టిగా. పిల్లుల కొట్లాటలా ఉంటుంది. ఊరంతా నవ్వుతుంది." కలం పక్కన పెట్టింది. "ఇంకోటి. చివర జాగ్రత్త."

చివర ఏముందో చెప్పక్కర్లేదు. పాట ఎంత ఏడ్చినా ఆఖరి మెట్టు దగ్గర పెద్ద మూడు వేసి, తియ్యగా ముగించాలి. అది మా అలవాటు. ఎవరూ రాయరు, ఎవరూ మర్చిపోరు. నిద్రలో లేపి పాడమన్నా గొంతు దానంతట అదే ఆ అరమెట్టు ఎక్కేస్తుంది.

ఎంత పాడు అలవాటు! ఎంత ఏడిపించినా చివర్లో నవ్వించి పంపాలట.

*

మా కింది గొంతు బ్రిజిదా అక్కది. మగవాళ్లు లోపలికి రాకూడదు కాబట్టి, వంటింట్లో గుమ్మడికాయలు నరికే మనిషే మాకు ఆ వరస కూడా పాడుతుంది. నన్ను చూడగానే కత్తి ఆపింది.

"ఏంటే ఆ మొహం? ఏదో చేయబోతున్నావ్."

"ఏం లేదక్కా."

"ఏం లేకపోతే సరే." ఇంకో కాయ రెండు ముక్కలు చేసింది. "ఏదన్నా ఉంటే మాత్రం విను. నేను కింద కదలను. నా మీద నిలబడు."

నాకు ఏడుపొచ్చింది. ఉల్లిపాయల మీదికి నెట్టాను.

*

పొద్దున్నే పొగమంచు చర్చిలోకి కూడా వచ్చింది. కొవ్వొత్తులు కూడా మసకగానే ఉన్నాయి. చువ్వల అవతల ఊరు. వెనక వరసల్లో మనుషులు మాకు కనిపించరు; దగ్గులు, పట్టుబట్టల గరగర, బూట్ల చప్పుడు వినిపిస్తాయి. ముందు వరసలో తండ్రి. పక్కన నల్ల ముసుగులో ఒకావిడ, చిన్నగా, వంగిపోయి.

ఇప్పోలిత వాళ్లమ్మ.

డాన్ సిజిస్మొందో చువ్వలకు బాగా దగ్గరగా కుర్చీ వేయించుకున్నాడు.

లౌదోమియా అక్క మొదటి స్వరాలు నొక్కింది. మేం అందుకున్నాం. లాటిన్‌లో పెళ్లి మాటలు. పెద్ద మూళ్లు. తీపి. మొదటి వరస రాసింది రాసినట్టే పాడాం. చువ్వల సందులోంచి చూశాను. ఆయన కళ్లు మూసుకుని తల ఊపుతున్నాడు. తండ్రి భుజాలు వెనక్కి విరుచుకున్నాడు. ఆ ఇద్దరినీ చూస్తే నాకు రోత పుట్టింది.

ఇక 'ఆనందం' అనే మాట వస్తుంది...

వచ్చింది.

దిగాను.

అరమెట్టు. ఒక్క అరమెట్టు.

పై గొంతులు అప్పటికే గట్టి స్వరం మీద ఉన్నాయి. రెండూ ఢీకొన్నాయి. చెవిలో సూది దిగినట్టయింది. ఎవరో ఉలిక్కిపడ్డారు. చువ్వల అవతల ఒకడు కిసుక్కున నవ్వాడు. నేను గొంతు కదలనివ్వలేదు. కింద బ్రిజిదా అక్క స్వరం బండరాయిలా ఉంది. నేను దాని మీద నిలబడ్డాను.

అప్పుడు ఆర్గన్ దిగింది. అక్క వేలు పక్క మెట్టుకు జరిగింది.

పై గొంతుల్లో ఒకరు దిగారు. ఇంకొకరు. అందరూ.

చెవులున్నాయి మా పిల్లలకి!

అవే మాటలు. అదే కాగితం. పాట మాత్రం వేరు. పెళ్లి మాటలు ఒక్కొక్కటీ ఏడుస్తూ బయటికి వెళ్తున్నాయి. 'రా' అన్న చోట చువ్వలు పట్టుకున్న చేతులు వినిపిస్తున్నాయి. 'వెలుగు' అన్న చోట దూరమైపోతున్న గుర్రం డెక్కలు వినిపిస్తున్నాయి. నవ్వినవాడు నోరు మూసుకున్నాడు. దగ్గులు ఆగిపోయాయి. డాన్ సిజిస్మొందో కళ్లు తెరిచాడు. లేచాడు. చువ్వల దగ్గరికి వచ్చాడు. చచ్చిన మనిషి ముందు సాగుతున్న పూజను ఆపలేడు. అరవలేడు. మొహం కందగడ్డ అయింది.

పాట చివరికి వచ్చింది.

ఆఖరి మెట్టు.

గొంతు లేవబోయింది. నిజం చెబుతున్నాను, దానంతట అదే లేవబోయింది. ఏళ్ల తరబడి చేసిన అలవాటు అది.

"పెద్దది..." పళ్ల మధ్యనుంచి అన్నాడు ఆయన. "పెద్దది పాడు. కనీసం చివర్లోనైనా."

ఆ మాటతో నా గొంతు ఎక్కడిదక్కడ నిలబడిపోయింది.

పాడను. చివర్లో పెద్దది అసలు పాడను. ఆమె చివర్లో నవ్వలేదు.

చిన్న మూడు. పట్టుకున్నాను. అందరం పట్టుకున్నాం. ఊపిరి అయిపోయినవాళ్లు ఆగి పీలుస్తుంటే పక్కవాళ్లు మోస్తున్నారు. పాట ముగియడం లేదు. ముగించడం లేదు మేం.

అప్పుడు ఆ నల్ల ముసుగు లేచింది.

"నా పిల్ల ఇక్కడ ఏడ్చిందా?"



"ఊరుకో. కూర్చో" అన్నాడు తండ్రి.

"ఊరుకోను." ఆవిడ చువ్వల దగ్గరికి నడిచి వచ్చింది. డాన్ సిజిస్మొందోను భుజంతో నెట్టుకుని వచ్చింది. "అమ్మా... లోపలున్న తల్లులూ... నా పిల్ల సుఖంగా ఉందని చెప్పారు నాకు. ఏడ్చిందా?"

డాన్ సిజిస్మొందో లోపలికి చెయ్యి ఊపాడు. మఠం తల్లి పరుగున వచ్చి, లౌదోమియా అక్క చేతులు పక్కకు నెట్టి, ఆర్గన్ మూత దించేసింది. తాళం తిరిగింది. ఆ చప్పుడు అందరికీ వినిపించింది.

ఆర్గన్ పోయింది.

గొంతులున్నాయి. ఇంకా ఉన్నాయి, సన్నబడుతున్నాయి. అక్క ఖాళీ చేతులు ఒళ్లో పెట్టుకుని నావైపు చూసింది. తనూ అందుకుంది. ఆమె పాడటం నేనెప్పుడూ వినలేదు. ఆర్గన్ అంత పొందిగ్గా ఉండదు ఆ గొంతు. గరగరలాడింది. నాకు అదే ఎంతో నచ్చింది.

ఆ తల్లి వేళ్లు చువ్వల సందుల్లోంచి లోపలికి వచ్చాయి. ఆవిడ ఊపిరి తెల్లగా ఇవతలికి వస్తోంది.

"చెప్పండమ్మా" అంది.

ఊపిరి పీల్చుకున్నాను. ఆవిడ కళ్లలోకి చూశాను.

మళ్లీ చిన్న మూడే అందుకున్నాను...