పలుచటి గీత

మెదక్ బస్టాండు వెనక గల్లీలో దర్జీ ఇబ్రహీం పొద్దున తొమ్మిదింటికి షట్టర్ ఎత్తుతాడు. ఊడ్చి, మిషన్‌కు నాలుగు చుక్కల నూనె వేసి, గోడకు వేలాడే బట్టల ముందు కాసేపు నిలబడతాడు. కుట్టడం పూర్తయి ఆఖరి గుండీ పడ్డ ప్రతి బట్టా ఆ దుకాణంలో ఊపిరి తీసుకుంటుంది. వేసుకోబోయే మనిషి ఎక్కడున్నా సరే, అది ఆ మనిషి ఊపిరే. గడప దాటాక మాత్రం మామూలు బట్ట.

దీన్ని ఊళ్ళో ఎవరూ వింత అనుకోలేదు. పట్నంలో ఉన్న కొడుకు ఫోన్ ఎత్తకపోతే తల్లులు వచ్చి చొక్కా చూసి పోయేవారు. నిదానంగా ఆడుతుంటే పడుకున్నాడని లెక్క. మనిషి అబద్ధం చెబితే బట్ట ఊపిరి బిగబట్టేస్తుంది. చేగుంటలో పనుందని పోయిన నగేష్‌కు భార్య కావ్య ఈ గోడ ముందు నిలబడే ఫోన్ చేసి, ఎక్కడున్నావని అడిగింది. అతను చెప్పిన జవాబుకు చొక్కా కట్టెలా బిగుసుకుంది. పాపం నగేష్ ఆ చొక్కా కోసం నెల రోజులు రాలేదు.

ఇబ్రహీం భార్య షమ్సున్నీసా బట్ట మాత్రం ఆ గోడకు ఎప్పుడూ వేలాడలేదు. గిరాకీ పనికి అడ్డం రాకూడదని తన బట్టలు ఇంట్లోనే చేత్తో కుట్టుకునేది. ఆమెకు షుగరు, పైగా పాత దమ్ము, ఆయాసం. కరోనా వచ్చిన రెండేళ్ళలో ఆమె వాకిలి దాటలేదు. బీమారిని ఇంట్లోకి రానివ్వొద్దన్నదే ఆ ఇంటి పట్టుదల. కూతురు ఫరీహా ల్యాబ్‌లో ముక్కుల్లో పుల్లలు పెట్టే పని చేసేది. అందుకని పెరట్లో స్నానం చేసి, వేరే గదిలో తిని, రెండు రోజులకోసారి తనకు తాను టెస్టు చేసుకునేది. శంకరంపేట సర్కారు దవాఖానలో ఉద్యోగం వచ్చిందని కాగితం రాగానే తండ్రి ఆమెకు తెల్లకోటు కత్తిరించి పెట్టాడు. మార్చిలో చేరాలి.

ఆ జనవరిలో ఇబ్రహీంకు గొంతు నొప్పి పట్టింది. మెడికల్ షాపులో టెస్టు డబ్బా కొని, పగలే కత్తిరింపు బల్ల మీద పెట్టుకున్నాడు. కాగితం మీద ఇంగ్లీషు చీమల బారులా ఉంది, బొమ్మలు మాత్రం తెలుస్తున్నాయి. పై గీత ఒక్కటే ఉంటే ఏమీ లేదు. రెండు గీతలుంటే ఉంది. ముక్కులో పుల్ల తిప్పి, నీళ్ళలో కలిపి, పట్టీ మీద చుక్కలు వేసి, పావుగంట కూర్చున్నాడు. పై గీత ముదురుగా వచ్చింది. దాని కింద ఇంకోటి ఉందా లేదా అన్నట్టు ఉంది.

గుండీలు కుట్టే పెంటమ్మకు చూపించాడు. "పెంటమ్మక్కా, జర గిది చూడు."

ఆమె కళ్ళజోడు సర్దుకుంది. "పైది పక్కా గీత భాయ్. కిందిది కొట్టేసిన గీత లెక్కుంది."

ఆ దుకాణంలో ముప్పై ఏళ్ళుగా అదే పద్ధతి. కొలత మారితే పాత సుద్దగీతను అరచేత్తో తట్టి పలచన చేస్తారు, కొత్తది ముదురుగా గీస్తారు. కత్తెర ముదురు గీత మీదే నడవాలి. పలుచటి గీత మీద కోస్తే గుడ్డ ఖరాబు. పని నేర్చుకోవడానికి వచ్చినవాళ్ళకు ఇబ్రహీం మొదటి రోజు చెప్పే మాట అదే.

"అయితే నాకేం లేదు," అన్నాడు ఇబ్రహీం. గిరాకీవాళ్ళు కూడా చూసుకోవాలని ఆ పట్టీని బల్ల అద్దం కింద పెట్టాడు. సంబరంగా బత్తాయిలు కొనుక్కొని ఇంటికి పోయి, భార్య పక్కన కూర్చొని తొనలు వలిచి పెట్టాడు.

నాలుగో రోజుకు షమ్సున్నీసాకు జ్వరం, ఆయాసం. మర్నాడు ఫరీహాకూ రెండు గీతలు వచ్చాయి. పదకొండు రోజులు దవాఖానలో ఉండి షమ్సున్నీసా చనిపోయింది. ఆమె కుర్తా ఒక్కటైనా తన గోడకు వేలాడి ఉంటే ముందే తెలిసేదని ఇబ్రహీం తల కొట్టుకొని ఏడ్చాడు.

శివ్వంపేట నుంచి వచ్చిన ఇబ్రహీం అక్క అడగాల్సిందే అడిగింది. "ఇంట్లకు ఎవరు తెచ్చిండ్రు?"

"నాకు ఒక్కటే గీత వచ్చింది," అన్నాడు ఇబ్రహీం.

"నేనే తెచ్చిన ఫుప్పు. ల్యాబ్ నుంచి," అంది ఫరీహా.

అందరూ నమ్మారు. ఎందుకు నమ్మరు, ఆమె పనే అది కదా. "తల్లి కంటె నీకు నౌకరి ఎక్కువైందా? ఇంక గడప దాటకు," అంది మేనత్త. ఇబ్రహీం అడ్డు చెప్పలేదు. ఆ రోజు నుంచి కూతురితో మాట్లాడటం మానేశాడు. ఆమె అన్నం పెడితే తల వంచుకొని తిని లేచేవాడు. అది ఆయన చేసిన పాపం, ఎంత దుఃఖంలో ఉన్నా పాపమే.

నలభయ్యో రోజు ఫాతిహా ప్రార్థనలు అయ్యాక దుకాణం తెరిచాడు. ఆగిన పనులన్నీ అందుకున్నాడు, వాటితో పాటు తెల్లకోటూ. కుడుతూ ఏమనుకున్నాడో తెలియదు. బహుశా చేతులకు పని కావాలనుకున్నాడేమో. పెంటమ్మ ఆఖరి గుండీ వేసి వేలాడదీయగానే కోటు ఊపిరి తీసుకోసాగింది.

సాయంత్రం ఫరీహా వచ్చింది. తండ్రి పలకడని తెలిసి పెంటమ్మతోనే మాట్లాడింది.

"గా కోటు నాకొద్దు పెద్దమ్మా. ఎవరికన్న ఇయ్యుండ్రి."

"గదేంది బిడ్డా, సోమవారం డ్యూటీల చేరాలె గద?"

"చేరను. నేను తెచ్చిన బీమారితోనే అమ్మ పోయింది."

కోటు ఆగిపోయింది. చుట్టూ చొక్కాలన్నీ ఆడుతున్నాయి, అదొక్కటే కదలలేదు. పెంటమ్మ సూది పక్కన పెట్టింది. ఇబ్రహీం మిషన్ తొక్కడం ఆపి, ఇన్ని రోజుల తర్వాత కూతురి మొహంలోకి చూశాడు.

"మల్ల చెప్పు బేటీ. ఎవరు తెచ్చిండ్రు?"

"నేనే అబ్బా," అంది తండ్రితో.

కోటు చేతులు కూడా బిగుసుకున్నాయి. ఇబ్రహీం బల్ల అద్దం వైపు చూశాడు. పట్టీ ఉండాల్సిన చోటు ఖాళీగా ఉంది.

"నా పట్టీ యాడ పోయింది?"

"అమ్మను దవాఖానల చేర్చిన నాడు నేనే తీసిన. నీకు తెలిస్తే నువ్వు బతకవనుకున్న." ఫరీహా బల్ల దగ్గరికి వచ్చింది. "పలుచగున్నా గీత గీతనే అబ్బా. రెండున్నయంటే బీమారి ఉన్నట్టే."

కోటు పొడవుగా ఊపిరి పీల్చుకుంది.

"కాని శానాసేపు ఎండినంక గూడ ఒక్కోసారి ఉత్తగనే గీత వస్తది," అని ఆమె ఆత్రంగా అంది. "పావుగంటకు చూసినప్పుడు లేకుండెనేమో? తర్వాత వచ్చిందేమో? గుర్తు చేసుకో అబ్బా."

ఆమె కళ్ళలో ఆశ కనిపించింది. ఇబ్రహీం అబద్ధం చెప్పి ఉండొచ్చు. ఆయన చొక్కా ఏదీ ఆ గోడకు లేదు.

"పావుగంటకే ఉండె," అన్నాడు.

"నేను గూడ చూసిన బిడ్డా," అంటూ పెంటమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "కొట్టేసిన గీత అన్న. నా నోట్ల మన్ను వడ."

ముగ్గురూ ఏడ్చారు. కాసేపటికి ఇబ్రహీం లేచి, కోటు తీసి, మడత పెట్టి కూతురి చేతుల్లో పెట్టాడు. వాళ్ళు చూస్తుండగానే శివ్వంపేటకు ఫోన్ చేశాడు.

"అక్కా, షమ్సుకు బీమారి తెచ్చింది నేను. నాకే వచ్చిందని చూసుకోలేకపోయిన. పోరి తప్పేం లేదు. సోమవారం నుంచి అది నౌకరికి పోతది."

"గిన్ని రోజులు పోరిని తిట్టుకుంట కూసున్నం గదరా," అని అక్క ఫోన్ పెట్టేసింది.

సోమవారం ఫరీహా శంకరంపేట బస్సెక్కింది. ఇప్పుడు ప్రతి ఆదివారం మేనత్త శివ్వంపేట నుంచి వస్తుంది. మేనకోడలి తలకు నూనె పెడుతుంది, ఇద్దరూ కలిసి తింటారు. తమ్ముడితో మాత్రం మాట్లాడదు. ఆమె తిరుగు బస్సెక్కేదాకా ఇబ్రహీం దుకాణంలోనే కూర్చుంటాడు.