పెన్న దాటిన జీను

నేను ఒక జీనుని. గుర్రం వీపుకీ మనిషి పిర్రలకీ మధ్య ఆయుష్షంతా గడిపాను గనక మనుషుల బరువెంతో నాకు బాగా తెలుసు. వాళ్ళ మీద గౌరవం మాత్రం ఒక్కడితో మొదలై ఆ ఒక్కడితోనే ఆగిపోయింది.

నన్ను కుట్టినవాడు ఓబన్న. ఎనుము తోలుని తంగేడు చెక్క నీళ్ళలో నానబెట్టి, ఎండబెట్టి, నూనె పట్టించి, నెల రోజులు కూర్చుని కుట్టాడు. తీరా సంస్థానం గుర్రపు లాయానికి తెస్తే అతణ్ణి లోపలికి రానివ్వలేదు. "ఆడ పెట్టి దూరం పో" అన్నారు. అతను వెళ్ళాక నా మీద నీళ్ళు చల్లి లోపలికి తీసుకుపోయారు. పుట్టిన రోజునే మనుషులంటే నాకు ఏవగింపు పుట్టింది.

నా మీద ఎక్కిన రౌతు దస్తగిరి. దౌడు తీసే గుర్రం మీంచి వంగి, నేలలో పాతిన మేకుని బల్లెంతో పెరికి ఎత్తగలవాడు. సంస్థానాలకు సైన్యం అక్కర్లేదని పైనున్న తెల్లదొరలు చెప్పాక రౌతులందరినీ ఇళ్ళకు పంపేశారు. దస్తగిరిని మాత్రం టపా మోయడానికి ఉంచుకున్నారు. అతని గుర్రం పావురాయి, బూడిద రంగు ఆడగుర్రం. కళ్ళెం లాగే పని లేకుండా అతని మోకాలి కదలికతోనే మలుపు తిరిగేది.

ఒక వానాకాలం పొద్దున దివాను స్వయంగా లాయానికి వచ్చాడు. చేతిలో లక్క ముద్ర వేసిన సంచి ఉంది.

"దస్తగిరీ, పల్లెల్లో వాంతిభేది పట్టింది. మందుల కోసం ప్రభువులు రాయించిన జాబు ఇది. సాయంత్రానికి పట్నంలో దొర బంగళాకి చేరాలి. జనం ప్రాణాలు నీ చేతిలో ఉన్నాయి."

"పెన్న పొంగుతా ఉండాది గదా సామీ."

"అందుకే కదా నిన్ను పిలిచింది."

దస్తగిరి చెల్లెలు ఆ రోగంతోనే అంతకుముందు మంగళవారం పోయింది.  అతను సంచిని తలపాగాలో చుట్టుకుని ఎక్కాడు.

ఆ నదిని నేను మరిచిపోలేను. ఒడ్డున పడవలవాళ్ళు వద్దు వద్దని కేకలు వేశారు. నడి నీటిలో నేను పూర్తిగా మునిగాను. కొట్టుకొచ్చిన చెట్టు మొద్దు ఒకటి పావురాయి డొక్కలో పొడిచింది. అది ఒక్కసారి మూలిగింది, ఈత మాత్రం ఆపలేదు. అవతలి ఒడ్డెక్కి, ఒళ్ళు దులుపుకోకుండా రెండు ఆమడలు పరిగెత్తింది. పట్నం పొలిమేరలో ముందుకాళ్ళు మడిచి కూలిపోయింది. ముక్కుల నుంచి కారిన నెత్తురు నా మీద పడింది.

"లేయమ్మా, వచ్చేసినాం. లేయే తల్లీ." దస్తగిరి దాని మెడ కింద చెయ్యి పెట్టి కాసేపు కూర్చున్నాడు. ఊపిరి ఆగాక నన్ను విప్పి భుజాన వేసుకుని పరిగెత్తాడు.

బంగళా వసారాలో దొరగారి దుబాసీ రంగప్ప సంచి విప్పి జాబు పైకి చదివాడు. దొర ఫోటోలు తీసేవాడు. గుర్రమెక్కిన వీరుడిలా పటం దిగాలని ప్రభువులకు కుతూహలంగా ఉందట. పౌర్ణమిలోగా దయచేయమన్నారు.

"మందుల మాట యాడుందప్పా?" అన్నాడు దస్తగిరి.

"మందులా? అట్లాంటివేం లేవే. ఆఁ, వచ్చేటప్పుడు అత్తరు సీసాలు రెండు తెమ్మన్నారు."

దస్తగిరి మెట్లు దిగి, గోడ పట్టుకుని కక్కుకున్నాడు. కడుపులో ఏమీ లేదు, అయినా కక్కుతూనే ఉన్నాడు.

దస్తగిరి నన్ను భుజాన మోసుకుని కోటకి తిరిగొచ్చాడు. పౌర్ణమికి ముందే దొర కూడా కోటకి వచ్చాడు. తీరా చూస్తే ప్రభువులకు గుర్రమంటే హడల్. అందుకని ఒక ఎత్తు బల్ల మీద నన్ను కట్టారు. కింద గుర్రాన్ని తర్వాత చిత్రకారుడు గీస్తాడట. నా మీది నెత్తురు చార చూసి ప్రభువు మొహం చిట్లించాడు.

"ఛీ, ఇదేమిటయ్యా?"

"శౌర్యం ప్రభూ! కడిగితే అందం పోతుంది" అన్నాడు దివాను.

అత్తరు వాసనతో, పిండి మూటలా ఆయన నా మీద దిగబడ్డాడు. ఒళ్ళు తూలుతోంది. నడుము పట్టుకోవడానికి వెనక ఒక మనిషి కావాలి. దస్తగిరిని పిలిచి, పటంలో పడకుండా బల్ల వెనక గొంతుక్కూర్చోమన్నారు. అతను కూర్చుని పట్టుకున్నాడు. దొర నల్లగుడ్డ కప్పుకుని అందరినీ కదలొద్దన్నాడు.

ఆ నిశ్శబ్దంలో దస్తగిరి అన్నాడు: "ఇంగ నా చేతగాదు సామీ. చేతులు కంపు కొడతాండాయి."

చేతులు తీసేశాడు. ప్రభువు తలపాగాతో సహా నేల మీద పడ్డాడు. నా బతుకులో ఒక మనిషి బరువు దిగిపోయినందుకు సంతోషించింది ఆ ఒక్కసారే.

దస్తగిరికి ఇరవై కొరడా దెబ్బలు కొట్టి వెళ్ళగొట్టారు. లాయంలో చెప్పుకోగా తర్వాతి సంగతి విన్నాను. వీపు మానకముందే అతను నడిచి పట్నం వెళ్ళాడట. మందులిచ్చేదాకా ఆసుపత్రి వాకిట్లోంచి కదలనని మూడు రోజులు కూర్చున్నాడట. ఎద్దుల బండి నిండా మందు సీసాలతో తిరిగి వచ్చేసరికి, రోగం పట్టిన ఆరు పల్లెల్లో రెండు సగం ఖాళీ అయ్యాయి. మిగతా నాలుగూ బతికాయి.

ప్రభువుకి మర్నాడే ఇంకొకడు నడుము పట్టుకున్నాడు. పటం సిద్ధమైంది.

ఇప్పుడు ఆ కోట ఒక ప్రదర్శనశాల. గోడ మీద ఆ పటం, దాని కింద 'వరద పెన్నను ఈదిన వీర ప్రభువు' అని ఇత్తడి రేకు, ఆ కింద బల్ల మీద నేను. ఊడ్చే ఆవిడ నా దగ్గరికి వచ్చినప్పుడల్లా ముక్కుకి కొంగు అడ్డం పెట్టుకుంటుంది. "ఈ పాత తోలు ఎందుకు దాచినారో, ఒకటే గబ్బు" అంటుంది. ఆ తర్వాత పటాన్ని తడిగుడ్డతో తుడిచి, భక్తిగా దణ్ణం పెట్టుకుంటుంది.

గబ్బు నాది కాదమ్మా, పైనుంచి వస్తోందని ఆవిడకి ఎలా చెప్పను?