సాక్ష్యానికి ఇస్త్రీ

కోడలి మీద చాడీలు చెప్పడానికి ఆ అత్తగారికి నోరుంది, తీరికుంది, వినడానికి ఎదురింటావిడ ఉంది. లేనిదల్లా సరుకే. ఆ పిల్ల ఎదురు చెప్పదు, గిన్నె మాడ్చదు, పిలిస్తే నవ్వుతూ వస్తుంది. ఇంతకన్నా అన్యాయం ఉంటుందా?

అందుకే తనకు సినిమాలో వేషం దొరికిందని కోడలు చెప్పిననాడు ఆవిడకు ప్రాణం లేచొచ్చింది. పాటలు లేవట, పోస్టర్లు లేవట, స్నేహితులంతా కలిసి తీస్తున్నారట. హీరోయిన్ బస్సెక్కి వెళ్తుంది. "కారు పంపని సినిమా ఏం సినిమారా?" అని కొడుకుని నిలదీసింది. వాడు పేపరు పేజీ తిప్పాడు.

ఒకనాడు బీరువా వెనక నల్ల సంచి దొరికింది. అందులో మగవాడి తెల్ల చొక్కా. కొడుకుది కాదు, వాడిలాంటి వాళ్ళు ఇద్దరు పడతారందులో. జేబు కింద అరచేయంత టీ మరక. ఆవిడ కాలరు వాసన చూసింది, జేబు తిరగేసింది. నిప్పు లేనిదే పొగ రాదు.

కొడుకు కంటపడేలా వాకిట్లో ఆరేద్దామనుకుంది. కానీ సాక్ష్యమే అయినా, మాసిన బట్ట నలుగురిలో ఆరేసే ఇల్లు కాదది. నిమ్మకాయ రుద్ది, సబ్బు పెట్టి తోమింది. గంజి పెట్టింది. ఆరాక మనసొప్పక ఇస్త్రీ కూడా చేసింది.

ముందు వచ్చింది కోడలు. చొక్కా చూసి గడప మీదే కూలబడింది. సినిమాలో అది చనిపోయిన తండ్రి చొక్కా. కూతురు, అంటే తను, ఆ మరకతోనే వేసుకు తిరుగుతుంది. ఎవరూ ఉతక్కూడదనే సంచిలో పెట్టి దాచింది. సగం సీను అయింది, మిగతా సగం రేపు. షూటింగుకి తీసుకున్న ఇల్లు కూడా రేపటివరకే. మళ్ళీ టీ పోసినా అదే మరక రాదు. మరక లేకపోతే ఈ సగానికి ఆ సగం అతకదు, తన వేషమే పోతుంది. ఇదంతా చెప్పింది గానీ ఏడవలేదు. అత్తగారికి అదే అనుమానం. మర్నాడు, చొక్కా సొంతదారుని పట్టుకుందామని తనూ బస్సెక్కింది.

అక్కడున్నది ఒక కెమెరా, నలుగురు బక్క మనుషులు, అందరికీ టీ పోస్తున్న డైరెక్టరమ్మ. కోడలు చెప్పిందంతా విని ఆవిడ గంజి చొక్కాని చూసింది. ఒక్కో మగవాడి ఛాతీనీ కళ్ళతోనే కొలుస్తున్న అత్తగారినీ చూసింది.

"అమ్మా, నిన్న మీరు చేసిందంతా కెమెరా ముందు మళ్ళీ చేస్తారా?"

చేసింది. వాసన చూడడం, జేబు తిరగేయడం, తోమడం అన్నీ ఉన్నదున్నట్టు చేసింది. మరక పోయిన కారణం కథలో కలిసిపోయింది. చివర "తప్పు నాదే" అనాలి. అదొక్కటే రాలేదు. ఒకసారి "దాచకపోతే ఉతికేదాన్నా" అంది, ఇంకోసారి "సబ్బు మంచిదే" అంది. డైరెక్టరమ్మ దండం పెట్టి ఆ మాట తీసేసింది. అత్తగారి సినిమా జీవితం అంతటితో సరి.

తర్వాత కోడలి వంతు. చొక్కా కాలరులో ముఖం దాచి తండ్రి వాసన వెతుక్కుంది. సబ్బు వాసన తగిలిందేమో, భోరుమంది. తలుపు చాటునున్న అత్తగారికి అందులో నటన ఎంతో, నిన్న ఆపుకున్న ఏడుపు ఎంతో తేల్చుకోవడం చేతకాలేదు.

తిరుగు బస్సులో ఆవిడ ముందు సీటూ వెనక సీటూ చూసింది.

"ఆ కెమెరా ఇక్కడ లేదుగా?"

"లేదత్తయ్యా."

"అయితే విను. తప్పు నాదేనే."